రింగు ఓపెన్ అయింది

గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు – ఈ మూడు చోట్ల ఎవరు ఎవరితో ఫోన్లో మాట్లాడాలన్నా నా చూపుడు వేలు కదలాల్సిందేనని ఒకప్పుడు చెప్పుకునేవాణ్ని. పెళ్లి విందుల్లో చెప్పాను. బస్సుల్లో పక్క సీటు వాళ్లకు చెప్పాను. ఒకసారి ఆత్మకూరు బస్సులో చెబుతూ చెబుతూ దిగాల్సిన చోటు దాటిపోయాను. ఇప్పుడు నిజం రాస్తున్నాను. నేను ఇటిక్యాల టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో మెకానిక్‌ని. జనం నోట లైన్‌మెన్‌ని. చివరి ఏళ్లలో నా వేలు చేసిన పనులు రెండే: గది తాళం తీయడం, గంట నోరు మూయడం.

ఆ గంట సంగతే ఇది.

రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో మా వైపు భూమిలో ఫైబర్ కేబుల్ వేశారు. అంతకు ముందు రాగితీగల కాలంలో లైను తెగితే గంటలోపు జనం వచ్చి తిట్టేవారు. ఏ ఊరివాళ్లు తిడుతున్నారో చూసి ఎక్కడ తెగిందో చెప్పేవాణ్ని. వాళ్ల గొంతు హెచ్చును బట్టి ఎన్ని ఇళ్లకు పోయిందో కూడా చెప్పేవాణ్ని. (ఇది గొప్పకు అన్నాను. ఊరు మాత్రం తెలిసేది.)

కొత్త కేబుల్ గద్వాల నుంచి ఇటిక్యాలకు, ఇటిక్యాల నుంచి వంతెన మీదుగా నది దాటి వనపర్తికి, వనపర్తి నుంచి ఆత్మకూరు మీదుగా మళ్లీ గద్వాలకు గుండ్రంగా తిరిగి వచ్చేది. దాన్ని రింగు అనేవాళ్లం. అందులో ఒక చోట తెగితే మాటలు తమంతట తామే వెనక్కి తిరిగి రెండో వైపు నుంచి పోతాయి. మాట్లాడేవాడికి చిన్న గరగర కూడా వినిపించదు. ఏ ఊరి మాట ఏ దారిన పోవాలో వనపర్తిలో నా కొడుకు వయసున్న ఆఫీసరు కంప్యూటర్ ముందు కూర్చుని మార్చేసేవాడు. నేను ముప్పై ఏళ్లు స్తంభాలెక్కి చేసిన పనిని ఆయన కుర్చీలోంచి లేవకుండా చేసేవాడు. ఆ విద్య నేనే నేర్పానని ఊళ్లో చెప్పాను. నేను ఆయనకు నేర్పింది ఇటిక్యాలలో ఏ హోటల్లో టీ తాగకూడదో అంతవరకే.

అందరూ సంబరపడ్డారు. నాకు మాత్రం మొదటి నుంచీ లోపల ఏదో గుబులు. కేబుల్ తెగినా ఎవరూ రారు, ఎవరూ తిట్టరు. మొద్దుబారిన కాల్లో ముల్లు దిగినట్టు, నడుస్తూనే ఉంటాం, లోపల చీము పడుతూ ఉంటుంది. తెగిందని చెప్పేది ఎక్స్ఛేంజి గదిలో ఒక ఎర్ర దీపం, ఒక గంట. గంటకు కింద ఒక మీట ఉండేది. నొక్కితే, మళ్లీ పైకి లేపేదాకా ఊరుకునేది.

ఇటిక్యాల ఎక్స్ఛేంజి కింద నది ఒడ్డున ఒక ఊరుంది. ఊరంతటికీ ఒకటే ఫోన్, ఒడ్డు మీది బూత్‌లో. బూత్ నడిపేది కాలు ఈడ్చి నడిచే ఒక ముస్లిం పెద్దమనిషి. నాకంటే రెండు మూడేళ్లు పెద్ద. నేను భాయ్ అనేవాణ్ని, ఆయన నన్ను సాబ్ అనేవాడు. ఎగువన డ్యామ్ గేట్లు ఎత్తే ముందు అక్కడి వాళ్లు ఆ బూత్‌కు ఫోన్ చేసేవారు. భాయ్ వెంటనే వెదురు గడకు ఎర్ర గుడ్డ కట్టి నిలబెట్టేవాడు. ఆ గుడ్డ కనిపిస్తే పుట్టి అనే గుండ్రటి బుట్ట పడవ నడిపేవాడు నీళ్లలోకి దిగేవాడు కాదు. ఆ కాలంలో అవతలి ఒడ్డున విత్తనపత్తి చేలు. క్రాసింగ్ పనికి, అంటే మగపూల పుప్పొడిని ఆడపూలకు అద్దే పనికి, రోజూ పొద్దున ఆడవాళ్లు పుట్టిలో దాటేవారు. గుడ్డ లేకపోతే నది మామూలుగా ఉందని లెక్క. ఇంత మంది ప్రాణాలు ఆ ఒక్క ఫోన్ మోగడం మీద ఉన్నాయని నాకు బాగా తెలుసు. దాని తీగ లాగింది నేనే.

పుట్టివాడు నన్ను ఆటపట్టించేవాడు. "అన్నా, నీ ఫోన్ మోగకపోతే నా పుట్టి మునుగుతది, నా పుట్టి మునిగితే నీకు రోజూ పంపే చేపలు బంద్. జర యాదుంచుకో" అనేవాడు.

"నా ఫోన్ మోగకుండ ఉండుడేంది తమ్మీ? ఇప్పుడు రింగు వచ్చింది. తెగినా తెగదు" అన్నాను నేను.

"తెగినా తెగదా? గదెట్ల?"

"నీకు చెప్తె సమజ్ కాదులే."

వానాకాలం మధ్యలో ఒక రోజు గంట మోగింది. ఎర్ర దీపం వెలిగింది. మీట నొక్కాను. వెంటనే వనపర్తి నుంచి ఆఫీసరు ఫోన్.

"కాకా, రింగు ఓపెన్ అయింది. గద్వాల దిక్కు, నీ సెక్షన్‌లనే. రోడ్డు తవ్వుతున్నరంట, పోయి చూడు."

"ఫోన్లు నడుస్తున్నయి గద సార్?"

"నడుస్తున్నయి. ఒక్క కాలు మీద నడుస్తున్నయి. రెండో దిక్కు కూడ పోయిందనుకో, ఇటిక్యాల మొత్తం మూగదైతది. నువ్వు జాగ కనిపెట్టి చెప్పు, అతికేటోళ్లను నేను పంపుత."

"అట్లనే సార్. ఇప్పుడే పోత."

పోలేదు.

తరువాత ఎన్నో ఏళ్లు ఈ ముక్కను నేను హాస్యంగా చెప్పాను. "ఓపెన్ అయిందంటె ఓపెనింగ్ అయిందనుకున్న. దుకాణం ఓపెన్ అయినట్టు, బడి ఓపెన్ అయినట్టు. రింగుకు ప్రారంభోత్సవం చేసిన్రు, నన్ను పిలువలేదని అలిగి కూసున్న" అనేవాణ్ని. విన్నవాళ్లు పడీపడీ నవ్వేవారు. నవ్వు తగ్గుతుంటే ఇంకో ముక్క కలిపేవాణ్ని: గద్వాలలో పావు కిలో లడ్డూలు కొని దీపం ముందు కొబ్బరికాయ కొట్టానని.

కొబ్బరికాయ లేదు, లడ్డూలు లేవు. లైన్ల మధ్య ముప్పై ఏళ్లు బతికినవాడికి ఓపెన్ అంటే తెగిపోవడమని తెలియకుండా ఉంటుందా? రాగి కాలం నుంచీ మా నోట నానిన మాటే అది. నాకు తెలుసు. బయట వాన. బురదలో పది కిలోమీటర్లు కేబుల్ వెంట నడవాలి. ఫోన్లు నడుస్తున్నాయి, తిట్టేవాడు లేడు. రేపు పోదాం అనుకున్నాను. ఆఫీసరు రోజూ అడిగాడు. రోజూ వెతుకుతున్నానన్నాను. ఐదు రోజులు. ఆ ఐదు రోజులూ ఎర్ర దీపం వెలుగుతూనే ఉంది. మొదటి రోజు దాని వైపు వీపు పెట్టి కూర్చున్నాను. మూడో రోజుకు వీపు పెట్టాల్సిన అవసరం కూడా లేకపోయింది.

ఆరో రోజు పొద్దున ఏడింటికి వంతెన అవతల వానకు గట్టు కోసుకుపోయి కేబుల్ రెండో వైపు కూడా తెగింది. నేను గదిలోనే ఉన్నాను. గంట మీట నొక్కి ఉంది కాబట్టి మోగలేదు. దీపం అప్పటికే ఎర్రగా ఉంది. ఎరుపు మీద ఎరుపు ఏం తెలుస్తుంది?

తొమ్మిది దాటాక ఒక ఎరువుల దుకాణం ఆయన వచ్చి గుమ్మంలో నిలబడి నన్ను, నా డిపార్టుమెంటును కలిపి తిట్టాడు. ఎన్నాళ్లకో విన్న తిట్లు. ఒక్క క్షణం నాకు సంతోషం వేసింది. రాయకూడదు గానీ, వేసింది. ఆ తరువాత దీపం వైపు చూశాను. వనపర్తికి ఫోన్ చేస్తే కలవలేదు.

ఎనిమిదింటికి డ్యామ్ వాళ్లు ఫోన్ చేశారట, మళ్లీ మళ్లీ చేశారట. ఒడ్డున బూత్‌లో ఏమీ మోగలేదు. గుడ్డ లేవలేదు. పుట్టివాడు ఆడవాళ్లను అవతలి ఒడ్డున దింపి, ఖాళీ పుట్టితో తిరిగి వస్తుండగా నీళ్లు వచ్చాయి. పుట్టి దొరికింది. అతను దొరకలేదు.

మధ్యాహ్నానికి గద్వాల వైపు కేబుల్ అతికించారు. తెగిన చోటు చూపించడానికి నాకు అరగంట కూడా పట్టలేదు. విచారణకు పెద్దసారు వచ్చాడు. ఓపెనింగ్ కథ మొదటిసారి చెప్పింది ఆయనకే. తన మెడకూ చుట్టుకుంటుందని కాబోలు, రోజూ నన్ను అడిగిన సంగతి ఆఫీసరు ఎత్తలేదు. పెద్దసారు కుర్చీలో వెనక్కి వాలి నవ్వాడు. హెచ్చరిక కాగితం చేతికిచ్చి, చెవులు చూపించుకొమ్మని చెప్పి వెళ్లిపోయాడు.

ఊళ్లో మాత్రం ఎవరూ నవ్వలేదు. లైను పోయిన సంగతే ఊరికి తెలియదు. పొద్దు పొడిచేటప్పుడు అదే ఫోన్లో ఒకాయన అల్లుడితో మాట్లాడాడు. మధ్యాహ్నం మళ్లీ మోగింది. కాబట్టి నడుమ కూడా మోగే ఉంటుందని, భాయ్‌కి కన్నంటుకుందని తేల్చారు. నాలుగు రోజులకు ఆయన కాలీడ్చుకుంటూ ఎక్స్ఛేంజికి వచ్చాడు.

"సాబ్, ఒక్క కాగితం రాసియ్యి. లైను డ్యామోళ్లు ఫోన్ చేయకముందే పోయిందని. కింద డిపార్టుమెంటు మొహర్ గుద్ది ఇయ్యి చాలు. పుట్టోని పెండ్లాం నా ముంగట నుంచి పోతూ ఉమ్మేస్తుంది."

ఏడింటికి పోయిందని రాస్తే, ఏడింటికే ఎందుకు చూడలేదని అడుగుతారు. దాని వెనక ఐదు రోజుల సంగతి ఊరికీ తెలుస్తుంది.

"అదంత వనపర్తి కంప్యూటర్ల ఉంటది భాయ్. నా చేతిల ఏం లేదు" అన్నాను.

"కంప్యూటర్‌ను నేను యాడ అడగాలె సాబ్?" అన్నాడు. కాసేపు ఆ దీపాన్నే చూస్తూ నిలబడ్డాడు. అప్పటికి అది ఆకుపచ్చగా వెలుగుతోంది.

ఆ నెలలోనే బూత్ మూసేసి గద్వాలకు కూతురింటికి వెళ్లిపోయాడు. నా రిటైర్మెంటు తరువాత, ఊరూరా సెల్‌ఫోన్ టవర్లు లేచాక, ఒక రోజు పొద్దున గద్వాలలో ఆయన నాకు ఎదురుపడ్డాడు. చేయి పట్టుకుని ఇంటి ముందు అరుగు మీద కూర్చోబెట్టి టీ తెప్పించాడు. చాలాసేపు ఏవేవో మాట్లాడి, ఉన్నట్టుండి గొంతు తగ్గించాడు.

"సాబ్, ఆ పొద్దు ఫోన్ మోగిందేమో. నేనే ఇనలేదేమో. అందరు అన్నంక నాగ్గూడ గట్లనే అనిపిస్తుంది. ఒక్కోసారి చెవుల మోగుతది కూడ."

నేను ఆయన కాళ్ల మీద పడి అంతా చెప్పేశానని మొదటిసారి రాసినప్పుడు రాశాను. చదువుకుంటే నాకే బాగా అనిపించింది. తరువాత ఆ పేజీ చించేశాను. నేను నిజంగా అన్నది ఇది:

"ముసలితనం భాయ్. చెవులు గట్లనే చేస్తయి."

ఆయన తలూపాడు, ఎవరో తీర్పు చెప్పినట్టు. నా గ్లాసులో టీ అయిపోయిందని చూసి, లోపలికి కేకేసి ఇంకో టీ తెమ్మన్నాడు.

ఆయనకు ఉర్దూ తప్ప చదవడం రాదు. నేను దీన్ని తెలుగులో రాస్తున్నాను.