ఆల్సిడ్ ఎడమచేతి రుమాలు

న్యూ ఆర్లియన్స్ నగరం, ట్రెమే పేటలో పియానో వాయించే ప్రతివాడూ దొంగేనని ఆల్సిడ్ గిడ్రీ సిద్ధాంతం. దానికి ఆధారం స్వానుభవం. అతను వాయించేదంతా ఇతరుల వేళ్ళు చూసి ఎత్తుకొచ్చిందే. అయినా తనది కాని ఆ సొత్తుకు అతను కాసిన కాపలా బ్యాంకులకు కూడా ఆదర్శప్రాయం.

పంతొమ్మిదివందల యాభై ఒకటో సంవత్సరం అది. రిథమ్ అండ్ బ్లూస్ అంటే జనం వెర్రెత్తిపోతున్న రోజులు. మిస్ ఒడీల్ డాన్సు హాల్లో శనివారాలు అతను పియానో, నేను డ్రమ్స్. ఒకనాడు ఆవిడ అతన్ని వంటగదిలోకి పిలిచింది.

"నీ వాయింపులో నలుగురు వినబడుతున్నారు నాయనా. నువ్వెక్కడా లేవు. వచ్చే శనివారం కూడా ఇంతే అయితే ఆ పీట మీద పింక్నీ కూర్చుంటాడు."

బయటికొచ్చి నన్ను నిలేశాడు.

"నువ్వే చెప్పావు కదూ?"

"ఆవిడకి చెవులున్నాయిరా."

"చెవులు అందరికీ ఉంటాయి. అందులో ఊదినవాడెవడని?"

శనివారం రానే వచ్చింది. పోటీదారు పింక్నీ గంబో పులుసు గిన్నె పట్టుకుని సరిగ్గా పియానో పక్కనే కూర్చున్నాడు. మా వాద్యకారుల్లో ఒక పాత ఆచారముంది: పోటీవాడు వేళ్ళు చూడకుండా చేతిమీద రుమాలు కప్పుకోవడం. బాకా ఊదేవాళ్ళకది బాగానే ఉంటుంది. పియానో మీద ఎడమచెయ్యి గంతులేయాలి. ఆల్సిడ్ రుమాలు కప్పుకున్నాడు. మొదటి గంతుకే అది జారింది. రెండోసారీ జారింది. పింక్నీ మెడ సాచాడు.

ఇక ఆల్సిడ్ గంతులు మానేశాడు. చెయ్యి ఒక్కచోటే ఉంచి, రుమాలు కదలకుండా, తాళానికి ఒక పిసరు వెనకగా, తలుపుచాటున నక్కి చూసేవాడిలా మీటలు నొక్కాడు. చేసేది లేక నేనూ ఆ వెనకబాటుకే డ్రమ్ము సర్దుకున్నాను. డాన్సు చేసేవాళ్ళు ముందు అనుమానంగా ఆగారు. తర్వాత నడుములు ఆలస్యంగా, మరీ హాయిగా ఊగడం మొదలైంది.

మిస్ ఒడీల్ గరిటెతో సహా పరుగెత్తుకొచ్చింది. "ఎవరిదిది?"

ఆల్సిడ్ లేచి నిలబడ్డాడు. "ఎవరి దగ్గరా తీయలేదు. మా అమ్మ మీద ఒట్టు!"

"తెలుస్తూనే ఉందయ్యా. కూర్చో. శనివారాలు నీవే."

అతను నా చెవిలో గొణిగాడు: "మరీ తేలిగ్గా ఒప్పుకుంది. ఇందులో ఏదో ఉంది."

పింక్నీ మూతి తుడుచుకుంటూ దగ్గరికొచ్చాడు. "రుమాలు బాగుంది సోదరా. ఏ కొట్లో కొన్నావు?"

మర్నాడు ఇంట్లో రుమాలు లేకుండా వాయించి చూస్తే చెయ్యి మళ్ళీ పాత గంతులే వేసిందట. శైలి తన చేతిలో లేదని, గుడ్డలో ఉందని అతను నిర్ధారించుకున్నాడు. అప్పటికప్పుడు పిన్ని చేత దాన్ని చొక్కా చేతికి గట్టిగా కుట్టించాడు.

ఆ పిన్ని ఇంట్లో కూడా ఒక పియానో ఉందని వారం తర్వాత అతనికి గుర్తొచ్చిందట. ఆ రోజునుంచి ఆవిడతో మాటల్లేవు.