కాబ్లర్ కింద పెట్టని ట్రే

సాయంత్రం ఒక్కదాన్నే కూర్చుని బ్లూబెర్రీ కాబ్లర్, అదే పళ్ల మీద పిండి పరిచి చేసే తీపి వంటకం, బేక్ చేశాను. పళ్ల రసం పొంగి ఓవెన్ అడుగున పడి మాడింది. రోజూ పోపు పెట్టినా నోరు మెదపని స్మోక్ అలారం ఇవాళ గోల పెట్టింది. టవల్‌తో పొగ విసురుతుంటే ఎవరో తలుపు తట్టారు. ఈ ఫ్రిస్కో ఊరు వచ్చాక నా తలుపు తట్టిన మొదటి మనిషి.

తీస్తే, లిఫ్ట్‌లో నవ్వి ఊరుకునే పక్క ఫ్లాట్ ఆంటీ.

"ఏం మాడిందమ్మా? నువ్వు బానే ఉన్నావా?"

ఆ మాట ఎవరైనా అడిగి ఎన్నాళ్లయిందో! ఆంటీని లోపలికి రమ్మన్నాను.

మాడిన అంచులు వదిలేసి ఇద్దరం తిన్నాం. వెళ్తూ ఆంటీ, "ఈసారి కింద ట్రే పెట్టుకోమ్మా, పొంగినా పొగ రాదు" అన్నారు.

ట్రే ఇంట్లోనే ఉంది. పెట్టమంటారా, వద్దంటారా?