రాయకోట ఆకుల కింద నాలుగు కాళ్ళు

1983 సెప్టెంబరు 18, ఆదివారం. ఇడ్లీ పిండి రుబ్బాను. ఆరు బిందెల నీళ్ళు పట్టాను. మధ్యాహ్నానికి మా ఆయనకు పులిహోర కలిపి మూతపెట్టాను. మిగిలిన పని ఒక్కటే: హోసూరు నుంచి రాయకోటకు వెళ్ళి మునెమ్మత్త నోరు విప్పించడం.

మునెమ్మత్త మా చెల్లెలు పద్మకు అత్తగారు. పోయిన ఏడు వానల్లో వాళ్ళింటికి వెళ్ళినప్పుడు పెరట్లో ఆకుల కుప్ప మీద జానెడు పొడవున గోధుమరంగు పాముపిల్ల మెరిసింది. చీపురు తిరగేసి కొట్టాను. చచ్చాక తిప్పి చూస్తే నాలుగు కాళ్ళు, ఒక్కొక్కటి బియ్యపు గింజంత. అది పాము కాదు, బల్లి జాతికి చెందిన, విషం లేని నలికిరి. ఎరువులో పురుగులను తింటుందని ఆ ఇంట్లో దాన్ని ‘రాణి’ అంటారు, ఎవరూ దాని జోలికి పోరు. “కాళ్ళుండే పామును యాడన్నా చూసినావామ్మా?” అని ఆ రోజు అడిగిన మునెమ్మత్త మళ్ళీ నాతో మాట్లాడలేదు. వచ్చే నెల పద్మ కూతురికి చెవులు కుట్టిస్తారు. ఇంటి పెద్దావిడ స్వయంగా పిలవనిదే శుభకార్యానికి వెళ్ళే అలవాటు మాకు లేదు.

ఏడుంబావు బస్సు ఎక్కాను. టికెట్టు రెండున్నర రూపాయలు. కిటికీ పక్క సీటు దొరికితే రాగి చేలు, వాటి వెనక గుట్టలు చూస్తూ గంటంబావులో చేరిపోవచ్చు.

“కోట ఎక్కేకా అమ్మా?” అన్నాడు కండక్టరు.

“లేదప్పా. కోటకన్నా బిగువుండే మనిషి దగ్గరికి పోతా ఉండాను.”

“అయితే రిటన్ టికెట్టు ఇప్పుడే అడగొద్దు,” అని నవ్వాడు.

బస్టాండు నుంచి అరగంట నడిచి పద్మ ఇంటికి చేరేసరికి తొమ్మిది. మునెమ్మత్త గంప పట్టుకుని గుట్ట కింది అడవి అంచుకు ఆకు ఎరువు కోసం బయలుదేరుతోంది. నన్ను చూసి తల తిప్పుకుంది. “అక్కా, నువ్వూ ఒక గంప ఎత్తుకో. మాటలొద్దు,” అని పద్మ నా చెవిలో అంది.

అడవిలో ఆ ఇంటివాళ్ళు పార వాడరు. కుళ్ళిన ఆకుల కుప్పను కర్రతో మూడుసార్లు తట్టి, కింద ఉన్న జీవి తప్పుకునే దాకా ఆగి, తర్వాత చేతులతో తోడుకుంటారు. మునెమ్మత్త అలా రెండు కుప్పలు తోడింది. మూడోది నాకు వదిలింది. మూడుసార్లు తట్టి, మనసులో ఒకటి నుంచి అంకెలు ఎంచుతూ నిలబడ్డాను.

“చాలక్కా, ఎండెక్కుతా ఉంది,” అంది పద్మ.

“నూరు కానీ.”

ఎనభై దాటాక ఆకులు కదిలాయి. నూనె ఒలికినట్టు ఒక రాణి బయటికి జారింది. కాళ్ళు ఒంటికి అంటించుకుని పాములాగే పాకింది. రాయి మీదికి వచ్చాక ఆగి, ఆ గింజంత కాళ్ళను దించి, మెల్లగా నాలుగడుగులు వేసింది. తర్వాత తిన్నగా నా పాదం వైపు వచ్చింది! కాలు వెనక్కి తీయబోయాను.

“కదలద్దు! కదలద్దమ్మా!”

అరిచింది మునెమ్మత్త. కదల్లేదు. అది చల్లగా నా కాలివేళ్ళ మీదుగా పాకి, అవతలి ఆకుల్లోకి వెళ్ళిపోయింది.

“కాళ్ళు చూస్తివా?” అంది ఆమె.

“చూసినానత్తా.”

“ఎంచినావా?”

“నాలుగూ ఎంచినాను.”

మునెమ్మత్త గంప దించి కడుపు పట్టుకుని నవ్వింది. “పోయినేడు చీపురు ఎత్తకముందే ఎంచుంటే ఎంత బాగుండు! సరే, పోయినేటి బాకీ తీరిపాయ. వచ్చే నెల చెవులు కుట్టేదానికి నువ్వు రావల్ల. పెద్దమ్మ లేకుంటే పాపను పట్టుకునేదెవరు?”

పద్మ కళ్ళు తుడుచుకుంది. ఎండ ఎక్కిందంది.

సాయంత్రం బస్సులో కూర్చుని ఆలోచించాను. ఇంట్లో ఉప్పు, పప్పు లెక్క పదిసార్లు ఎంచేదాన్ని, పోయిన ఏడు ఒక్క క్షణం ఆగి నాలుగు కాళ్ళు ఎంచలేకపోయాను. కాళ్ళు చిన్నవైనా ఉన్నాయి కదా. మీరు రాణిని చూడాలనుకుంటే వానలు పడ్డాక పొద్దున పదిలోపు వెళ్ళండి. కుప్పను కర్రతో తట్టి నూరు ఎంచండి.

ఇంటికి వచ్చి ఇంటి లెక్కల పుస్తకంలో ఆ రోజు చివరి పద్దు రాశాను: రాయకోట రాణి, ఒక ప్రాణం. మునెమ్మత్త మాట మీద, చెల్లు.