ఇరుళప్పన్ తొడిగిన చెప్పులు

దిండిగల్ కోట మీద మైసూరు జెండా దిగి కంపెనీ జెండా ఎక్కిన ఏడు, కొండల కింద ఒక చిన్న పాళెంలో ఇరుళప్పన్ ఒక రాజకార్యం చేశాడు. అది రాజకార్యమని అతనికి తెలియదు. తెలిసుంటే చేసుండడు.

ఇరుళప్పన్ తోలుపని మనిషి. తంగేడుచెక్క నీళ్ళ తొట్టిలో తోళ్ళు ఊరబెట్టి, బావుల్లో నీళ్ళు తోడే సంచులు కుట్టేవాడు. పాళెగాడు ముత్తుకృష్ణ నాయకర్ మట్టికోటలోకి అతను ఏడాదికి ఒక్కనాడే పోయేవాడు. పట్టం కట్టిన తిథి వచ్చినప్పుడల్లా ఎర్రకుచ్చుల చెప్పులు కొత్తవి కుట్టి, తన చేత్తో దొర కాళ్ళకు తొడగాలి. ఆ చెయ్యి తొడిగితేనే ఆ ఊళ్ళో దొరతనం నిలిచినట్టు. ఎప్పుడో ఉత్తరాన్నుంచి తరలివచ్చేటప్పుడు, ముళ్ళదారిలో నాయకర్ల పెద్దకు చెప్పులిచ్చి నడిపించింది ఇరుళప్పన్ వంశమేనట. అందుకని ఆ ఒక్కరోజు దొర అతన్ని "మామా" అనేవాడు. మర్నాటి నుంచి మళ్ళీ "ఏరా". ఇందులో దాచేదేం లేదు, ఆ కాలం అట్లాంటిది.

పాళెగాడి బతుకు మాత్రం అంతకంటే మేలా? మైసూరు గుర్రాలొస్తే మైసూరుకు వంగాలి, కంపెనీ ఫిరంగులొస్తే కంపెనీకి వంగాలి. ఆంబోతులు పోట్లాడుకుంటే లేగల కాళ్ళు విరుగుతాయి. ముత్తుకృష్ణ నాయకర్ ఇద్దరికీ ఎద్దులిచ్చాడు, ఇద్దరికీ గడ్డి ఇచ్చాడు. మాట మాత్రం ఎవరికీ ఇవ్వకుండా నెట్టుకొస్తున్నాడు.

పట్టం తిథి దగ్గరపడింది. ఒక మైసూరు రౌతు, గుర్రం చచ్చి దండు వదిలేసిపోతే, కుంటుకుంటూ వచ్చి ఇరుళప్పన్ తొట్టి దగ్గర కూలబడ్డాడు. అరికాలు చీలి నెత్తురు కారుతోంది. తోళ్ళన్నీ పచ్చివి. ఎండి సిద్ధంగా ఉన్నది ఒక్క జతే.

"వద్దయ్యా, అది దొరది," అంది పెళ్ళాం పాంచాలి.

"దొర కాలు పెట్టేదాకా అది వట్టి తోలేగదే. ఇంకో జత కుడతా."

కాలు కడిగి, గుడ్డ చుట్టి, తన చేత్తోనే తొడిగాడు. రౌతు తన భాషలో ఏదో దీవించి పడమటికి పోయాడు. పోయినవాడు పోయినట్టుంటే బాగుండేది. పొలిమేర దాటకముందే కంపెనీ కాపలాకు చిక్కాడు, కాళ్ళకు ఎర్రకుచ్చులతో సహా.

మర్నాడు కంపెనీ దుబాసి నారాయణసామి సిపాయిలతో కోట వాకిట్లో దిగాడు. ఊరంతా పోగయింది.

"ఏమయ్యా నాయకరే, మైసూరు సుల్తాను మనిషికి చెప్పులు తొడిగి మాకు గడ్డి పెడతావా? ఆ చెప్పులు ఎవరికి తొడిగితే వాడే దొరని మీవాళ్ళే చెప్తాండారు. మా కెప్టెనుకు ఆ మాట చాలు. తొడిగినవాణ్ణి అప్పగించు, దండు ముందర ఉరేసి నీ తప్పు లేదనుకుంటాం. లేదంటే కోట పడగొట్టు."

ఇరుళప్పన్‌ జనంలోంచి ముందుకొచ్చాడు. "దొరకు తెలీదుంగ సామి. చేసింది నేనుంగ."

దొర బావమరిది సేతురామ నాయకర్ ఆయన చెవి దగ్గర గొణిగాడు. "ఇచ్చేయి బావా. వాడొక తోలువాడు. కోట మీ తాతలది."

"ఈరోజు వీణ్ణి ఇస్తే రేపు నిన్ను అడుగుతారురా. ఇచ్చే ఇల్లు కనిపెట్టినాక అడిగేవాడు ఊరుకుంటాడా?" అన్నాడు దొర, పక్కవాళ్ళకు వినబడేట్టే.

"నన్నెందుకు అడుగుతారు?"

"నువ్వు వీడంత పనికిరావులే. అయినా అడుగుతారు."

ఆ భయంలోనూ ఎవరో కిసుక్కున నవ్వారు. దొర దుబాసి వైపు తిరిగాడు. "తొడగమన్నది నేను. కాలు తెగినోడు వాకిట్లో పడితే చెప్పులియ్యడం మా వాడుక. మీ కెప్టెను కాలు తెగినా మా మామే తొడుగుతాడు."

"ఏ మామ?"

"ఇదో, ఈ మామ."

అది పట్టం తిథి కాదు. ఇరుళప్పన్ తల ఎత్తలేకపోయాడు.

"అయితే కోట పోతాది," అన్నాడు దుబాసి.

"పోనీ."

ముత్తుకృష్ణ నాయకర్ ధర్మరాజేం కాదు. పన్ను కట్టనివాణ్ణి ఎండలో నిలబెట్టినవాడే. కంపెనీ ఎట్లాగూ ఆ కోటను బతకనివ్వదని, సాకు కోసం చూస్తోందని ఆయనకు తెలుసు. అయినా బలవంతుడు తలుపు బాదినప్పుడు, తనకంటే బక్కవాణ్ణి బయటికి తోసి గడియ పెట్టుకోవడం లోకం తీరు. ఆయన ఆ పని చెయ్యలేదు. అంతే. అంతమాత్రం చేసినవాళ్ళు ఆ యుద్ధంలో, పెద్ద పెద్ద కోటల్లోనైనా, ఎందరున్నారు?

కోటను ఊరివాళ్ళ చేతనే పడగొట్టించారు. ఇరుళప్పన్ గడ్డపార పట్టుకుని గోడ ముందు కొయ్యలా నిలబడిపోయాడు. దొరే పక్కకొచ్చాడు. "కొట్టు మామా. నువ్వు కొట్టకపోతే ఇంకోడు కొడతాడు. పాతగోడ మన్ను చేలకు మంచి ఎరువు. గోడ పడగొట్టమన్నాడేగాని, మన్ను యాడ పొయ్యాలో కంపెనీవాడు చెప్పలేదు. మొదటి బండి నీ చౌడుకు తోలుకో."

ఇరుళప్పన్‌కున్న పిడికెడు చౌడునేల అంతవరకు గరికపోచ మొలిపించి ఎరగదు. ఆ ఏడు దాంట్లో జొన్న మనిషెత్తు లేచింది. కొత్తజొన్నలు మూటగట్టుకుని వెళ్ళి, పాంచాలీ అతనూ దొర గుమ్మం ముందు పెట్టారు.

"ఇది మీ తూర్పు బురుజు సామి," అంది పాంచాలి.

దొర నాలుగు గింజలు నోట్లో వేసుకుని నమిలాడు. "మా తాతలు గట్టిగానే కట్టినారే," అన్నాడు.

తరువాత దొరతనం పోయింది. ముత్తుకృష్ణ నాయకర్ కంపెనీకి పన్ను కట్టే మామూలు రైతయ్యాడు, పట్టం తిథి ఊసు ఎవరూ ఎత్తలేదు. ఇరుళప్పన్ మాత్రం తన చూపు ఆనినంతకాలం ఆయనకు చెప్పులు కుడుతూనే వచ్చాడు. పాతవి అరగకముందే కొత్తవి. కూలి మాటెత్తితే మొహం మాడ్చుకునేవాడు.

"ఎందుకు మామా ఇన్ని జతలు? నాకుండేది రెండు కాళ్ళే కదా," అనేవాడు ముసలి నాయకర్.

"నాకుండేది ఒక్క మెడ సామి," అనేవాడు ఇరుళప్పన్, వంగి చెప్పు వారు బిగిస్తూ.