తన రాకను తానే చాటుకున్న రాజావారు

గుమ్మకొండ రాజావారు ఏ గుమ్మంలో అడుగు పెట్టాలన్నా ముందు తన రాకను తానే కేక వేసి చాటుకునేవారు. అది గుడి గుమ్మమైనా ఒకటే, మంగలి దుకాణమైనా ఒకటే, రేషన్ షాపైనా ఒకటే. బయట ఆగేవారు. చేతికర్ర చంకన పెట్టేవారు. గుండె నిండా ఊపిరి తీసుకునేవారు.

“శ్రీమద్రాజాధిరాజ, గుమ్మకొండ దుర్గాధీశ్వర, కృష్ణాతీర పరిపాలక, శత్రుగర్వభంజన, గజవాహన, శ్రీ రాజా ఉదయభాస్కరరావు బహద్దూర్ వారు వేంచేస్తున్నారు! పరాక్! బహుపరాక్!”

ఆ తర్వాత, అరిచింది ఇంకెవరో అన్నట్టు నెమ్మదిగా లోపలికి వచ్చేవారు.

పట్టాభిషేకం జరిగిన పదకొండో నెలలో సంస్థానం రద్దయింది. అప్పుడాయనకు ఇరవై ఏళ్లు. పంతొమ్మిది వందల ఎనభై ఆరు నాటికి ఆయన కోటలాంటి గడిలో సగం బడి అయింది. ఏనుగుల సాల పశువుల దవాఖాన అయింది. ఆయనకు రెండు గదులు మిగిలాయి. అందులో ఒకదానికి కప్పు కూడా మిగిలింది.

బస్టాండు ఎదురుగా దస్తగిరి చాయ్ హోటల్ ఉండేది. దస్తగిరి హాలియా నుంచి వచ్చి అక్కడ హోటల్ పెట్టిన మొదటి ఉదయం, వెనక నుంచి ఆ కేక విని ఆరు గ్లాసులు కింద పడేశాడు. రెండో రోజు రెండే పడేశాడు. నెల తిరిగేసరికి హోటల్ ముందు బోర్డు రాయించాడు: ‘రాజావారు తాగే చాయ్ ఇక్కడ దొరుకును’. ఊళ్లో నాలుగు హోటళ్లున్నాయి. రాజావారు మిగిలిన మూడూ దాటి తన దగ్గరికే వస్తారు. సగం గ్లాసు వదిలేస్తారు, అది వేరే సంగతి. రాజులు గ్లాసు ఖాళీ చేయరని దస్తగిరి అందరికీ చెప్పేవాడు.

ఇంకో వింత కూడా అతను గమనించాడు. తన హోటల్ దగ్గర మాత్రం రాజావారు గుమ్మం వైపు కాక, వెనక గోడ వైపు ముఖం తిప్పి అరిచేవారు.

“గోడకు చెప్తున్నడా గీయన?” అనేవాడు మంగలి జానయ్య. జానయ్యకు తన కోపం తనకుంది. ఒకసారి రాజావారు అతని దుకాణం ముందు అన్ని బిరుదులూ చదివితే, “దొరా, లోపట నేనొక్కణ్నే ఉన్న. ఎవలికి చెప్తున్నరు?” అన్నాడు.

“నీకే చెప్తున్న జానయ్యా. ఒక్కనివే ఉన్నవని తక్కువ చదవమంటవా?”

కొల్లాపూర్ బస్సులో కండక్టర్ రెండు టికెట్లు కొట్టాడు. ఒకటి రాజావారికి, ఒకటి ముందు అరిచినవాడికి. బస్సంతా నవ్వింది. రాజావారు మాత్రం కాసేపు ఆలోచించి, “న్యాయమే” అని రెండూ తీసుకున్నారు. ఓటు వేయడానికి వెళ్లినప్పుడు బిరుదులన్నీ అయ్యేదాకా వరుస ఆగిపోయింది. చివరికి అధికారి కాగితం మీద వేలు పెట్టి, “ఇందులో ఓటరు పేరు ఎక్కడ మొదలవుతుందండీ?” అని బతిమాలాడు.

దస్తగిరి ఒకరోజు ఉండబట్టలేక అడిగాడు.

“సర్కార్, గీ అరిచే పని మీరెందుకు చేస్తున్నరు?”

“అది నా పని కాదు దస్తగిరీ. ఆ పని చేసే మనిషి సెలవుల ఉన్నడు.”

“ఎన్ని దినాల సంది?”

“పదకొండేండ్లు.”

“అంత సెలవు సర్కారు నౌకరీల గూడ ఇయ్యరు గద!”

“మరి సంస్థానమంటే ఏమనుకున్నవు?”

దస్తగిరికి నవ్వాలో దండం పెట్టాలో తెలియలేదు. చిరిగిన చొక్కాలో ఆ మనిషి గడి బురుజంత ఎత్తుగా కనిపించాడు.

ఆ ఎండాకాలం రాజావారి గొంతు పోయింది. మహబూబ్‌నగర్ దవాఖానలో డాక్టరు నెల రోజులు నోరు మెదపొద్దన్నాడు. ఇంకొక్క కేక వేస్తే గొంతు ఇక రాదన్నాడు. మర్నాడు రాజావారు మామూలు వేళకు, మెడకు తువ్వాల చుట్టుకుని, హోటల్ ముందుకు వచ్చారు. ఆగారు. కర్ర చంకన పెట్టారు. నోరు తెరిచారు. ఏమీ రాలేదు. చాటింపు లేకుండా లోపలికి రావడం ఆయనకు తెలియదు. కాసేపు గోడను చూసి వెనక్కి వెళ్లిపోయారు.

“బతికినం” అన్నాడు జానయ్య.

రెండో రోజూ అంతే. మూడో రోజూ అంతే. నాలుగో రోజు పొద్దున హోటల్ వెనక ఇంట్లో ఉండే బిక్షమ్మ కొంగు బిగించుకుని వచ్చింది. ఆమె మామ సోమన్న ఒకప్పుడు రాజావారి ముందు నడిచి బిరుదులు చదివినవాడు. గొంతులో గడ్డ లేస్తే కోసి తీశారు. అప్పటి నుంచి మాట లేదు. ఇంత వరకు ఊరందరికీ తెలుసు.

“మీరు ఎవలన్న ఒకలు అర్వుండ్రి, మీ కాళ్లు మొక్కుత” అంది బిక్షమ్మ. “మా మామ మూడొద్దుల సంది బుక్క ముడుతలేడు.”

“రాజు అర్వకుంటే మీ మామకేందే?” అన్నాడు జానయ్య.

“గొంతు పోయిన నాడు మామ గడికి పోయి తలపాగ తీసి రాజావారి కాళ్లకాడ పెట్టిండు. పని లేంది జీతపు జొన్నలు ముట్టనని సైగ చేసిండు. రాజావారు తలపాగ ఎత్తి మల్ల మామ నెత్తినే పెట్టిండు. ‘కొలువు పోలే సోమన్నా, నువ్వు సెలవు మీదున్నవు. ఇంకొక మనిషి దొరికేదాక నీ బదులు నేను చేస్త’ అన్నడు. గప్పటి సంది ఆయన జొన్నలు పంపుతడు, ఈయన తింటడు. ఊకె తింటడా? పొద్దుగాల గీ గోడకు చెవి పెట్టి ఇంటడు. మంగలి కాడ చదివిండా, రేషను కాడ చదివిండా అని నన్ను తోలిచ్చి అడిగిస్తడు. ఇప్పుడు చాటింపు లేదు, జీతం హరామంటాండు. గంజి పోస్తే గిన్నె నెట్టేస్తాండు.”

 జానయ్య గ్లాసులోకి చూస్తూ కూర్చున్నాడు. చివరికి దస్తగిరి మెల్లగా అన్నాడు.

“అంటే... నా చాయ్ కోసం కాదా?”

“నీ చాయ్ కోసం గంత దూరం నుంచి ఎవలొస్తరే దస్తగిరన్నా!” అంది బిక్షమ్మ.

దస్తగిరి ఆ దెబ్బ తిన్నాడు. తర్వాత జానయ్యను గడికి పంపాడు, రాజావారిని ఒక్కసారి హోటల్ దాకా దయచేయమని.

రాజావారు సోమన్నకు ఇవ్వాల్సిన జొన్నల సంచి చేత్తో పట్టుకునే వచ్చారు. దస్తగిరి టేబుల్ తుడిచే తువ్వాల తలకు చుట్టి గుమ్మం ముందుకు వచ్చాడు. తొమ్మిదేళ్లుగా రోజూ విన్న మాటలే. గోడ వైపు తిరిగాడు. కళ్లు మూసుకుని అందుకున్నాడు.

“శ్రీమద్రాజాధిరాజ, గుమ్మకొండ దుర్గాధీశ్వర, కృష్ణాతీర పరిపాలక, శత్రుగర్వభంజన, శ్రీ రాజా ఉదయభాస్కరరావు బహద్దూర్ వారు వేంచేస్తున్నారు! పరాక్! బహుపరాక్!”

అవతల నుంచి గోడ మీద కర్ర టకటకా మోగింది. బిక్షమ్మ పరుగెత్తుకుంటూ వచ్చింది.

“ఏనుగు ఇడిసిపెట్టినవంట!”

“ఏనుగు ఎన్నడో పోయింది గదమ్మా!”

“ఉన్నదో పోయిందో నీకెందుకంటాండు మామ. మొదటి సంది చదువుమంటాండు.”

దస్తగిరి మొదటి నుంచి చదివాడు. ఈసారి ‘గజవాహన’ దగ్గర ఎంత గట్టిగా అరిచాడంటే, కదలబోతున్న నల్గొండ బస్సు ఎవరో ఆపమన్నారనుకుని ఆగిపోయింది. డ్రైవరు తల బయట పెట్టాడు. జానయ్య లేచి నిలబడి, మాట్లాడొద్దన్నట్టు అతనికి చెయ్యి చూపించాడు.

గోడ అవతల చప్పుడు లేదు. 

బిక్షమ్మ చేట పట్టుకుని వచ్చింది. “జొన్నలు పొయ్యిమన్నడు దొరా. కొత్త మనిషి గొంతు జర కీచుగున్నదంట. అయినా సాగుతదంట. సెలవు మాత్రం ఇంకొన్ని దినాలు కావాల్నంట.”

రాజావారు గంభీరంగా తల ఊపి సెలవు మంజూరు చేశారు. సంచి విప్పి చేట నిండా జొన్నలు పోశారు. బిక్షమ్మ వెళ్లిపోయింది. బస్సు కూడా వెళ్లిపోయింది.

రాజావారు మాత్రం గుమ్మం బయటే నిలబడి ఉన్నారు. పదకొండేళ్ల తర్వాత ఇంకొకరి నోట తన రాక విని, రావడం మరిచిపోయారు.

“చదివిన గద సర్కార్,” అన్నాడు దస్తగిరి, తలకు చుట్టిన తువ్వాల సర్దుకుంటూ. “ఇగ లోపటికి రాండ్రి.”