కుళాయికి వాటం

నేను కుళాయి అంటాను. మా ఆయన నల్లా అంటారు. పెళ్ళయిన ఇరవై ఏళ్ళలో ఈ ఒక్క మాట మీద ఇద్దరం ఒక్క మెట్టూ దిగలేదు. అమెరికాలో, నోవై అనే ఊళ్ళో మా ఇంటి వెనక గోడకున్నది చలికి పగిలినప్పుడు మాత్రం గొడవ పేరు గురించి కాదు, అసలది ఉండాలా వద్దా అని.

ఏప్రిల్లో మంచు పోయాక, నా పోరు పడలేక మా ఆయన చలికాలమంతా కట్టి ఉంచిన బేస్‌మెంట్‌లోని వాల్వ్ తిప్పి బయటికొచ్చారు. కుళాయిలో సన్నటి ధార. మిగతా నీళ్ళన్నీ గోడలో చీలిన పైపు నుంచి కిందికి దిగుతున్నాయని తెలిసేసరికి బేస్‌మెంట్‌లో సగం కార్పెట్ తడిసిపోయింది. దాన్ని కోసి, చుట్టి, బయట పారేసి వచ్చి, "ఇగ నల్లా వద్దు. గోడ మూసేద్దాం," అన్నారు.

"మరి నా మడి?"

"బకెట్‌తోని పొయ్యి."

గోంగూర, దోస, బీర. మిషిగన్‌లో మంచు లేని నాలుగైదు నెలల్లోనే వాటి బతుకంతా అయిపోవాలి. జూలై ఎండలో రెండు పూటలా వంటింట్లోంచి బకెట్లు మొయ్యమనడం, మడి తీసెయ్యమనడం, రెండూ ఒకటే.

నిజానికి ఆయన బాధ కుళాయి కాదు. ఆ ఏడాది డెట్రాయిట్ చుట్టుపక్కల కార్ల కంపెనీల్లో వారం వారం ఎవరో ఒకరు అట్టపెట్టెలో సామాను సర్దుకుని ఇంటికి వెళ్ళిపోతున్నారు. ఆయన పక్క కుర్చీలు ఖాళీ అవుతున్నాయి. "ఈ ఏడు ఇంకో పరేషాన్ వద్దు" అన్నారు చివరికి. అది విన్నాకైనా నేను నోరు మూసుకోవాల్సింది.

"వాల్వ్ ఆలస్యంగా కట్టింది మీరు. శిక్ష నా గోంగూరకా?"

"హాలోవీన్ కన్నా ముందే, అక్టోబర్‌లనే కట్టిన. మంచిగ యాదికున్నది నాకు."

"కడితే ఎందుకు పగులుతుంది?"

నేనే గెలిచాననుకున్నాను. ఆ ఊపులోనే శనివారం ఆయన్ని హార్డ్‌వేర్ షాపుకి లాక్కెళ్ళాను.

అక్కడ ఏప్రన్ కట్టుకున్న పెద్దాయన ముచ్చటగా మూడో పేరు చెప్పాడు: స్పిగాట్. చలికి పగలనివి వరసగా వేలాడుతున్నాయి. బయటికి కనపడే మూతి అన్నిటికీ ఒకటే, వెనకాల గొట్టం పొడవులోనే తేడా. కిటుకంతా ఆ పొడవులోనే. మనం తిప్పేది బయటే అయినా నీళ్ళని ఆపే వాషరు గొట్టం చివర, ఇంటి వెచ్చదనంలో ఉంటుంది. కట్టగానే గొట్టంలో మిగిలినవి బయటికి కారిపోవాలి. నీళ్ళే లేకపోతే చలి దేన్ని గడ్డకట్టిస్తుంది? "కట్టేశాక కాసేపు కారుతుంది, కంగారుపడకండి, అదే మంచిది" అన్నాడాయన. కారే కుళాయిని మెచ్చుకున్న మనిషిని నా జన్మలో మొదటిసారి చూశాను.

మా ఆయన ఎనిమిదంగుళాలది చాలన్నారు. నేను ముందే జాకెట్లు కొలిచే టేపుతో బేస్‌మెంట్ కిటికీ దగ్గర గోడ మందం కొలుచుకుని వచ్చాను. ఎనిమిదంగుళాలది గోడ దాటి లోపలికి రాదు. పన్నెండుది కొన్నాం.

ఆదివారం పాతది కోసి, కొత్తది దూర్చి, లోపల పైపుకి కలిపారు. ఇంజినీరు కదా, పైన మట్టం చూసే స్పిరిట్ లెవెల్ పెట్టి, బుడగ సరిగ్గా మధ్యకి వచ్చేదాకా జరిపి జరిపి స్క్రూలు బిగించారు. నీళ్ళు వదిలి, కట్టారు. ఠక్కున ఆగిపోయాయి.

"చూసినవా? ఒక్క సుక్క కారుతలేదు!"

"కారాలి కదండీ. దీనికి వాటమేది?"

"వాటమేంది? ఎడమచేతి వాటమా?"

మా ఊళ్ళో మేస్త్రీలు స్నానాలగది గచ్చు చేశాక చెంబుడు నీళ్ళు ఒంపి చూపించేవాళ్ళు. నీళ్ళు తూము వైపు నడిస్తే వాటం ఉన్నట్టు. నిలబడితే గచ్చు మళ్ళీ తవ్వాల్సిందే. "బుడగ మధ్యలో ఉంటే నీళ్ళకి ఎటు పోవాలో ఎలా తెలుస్తుంది? ఆ లెవెల్ గోడకి ఫొటోలు తగిలించేటప్పుడు పెట్టుకోండి," అన్నాను. కుళాయి వచ్చిన డబ్బా తెచ్చి ఆయన ముందు బోర్లించాను. ఒక అంచు మందంగా, ఒక అంచు పల్చగా ఉన్న ప్లాస్టిక్ ముక్క పడింది. ప్యాకింగ్ అనుకుని వదిలేశారు. గోడకీ కుళాయికీ మధ్య పెట్టి మూతిని కాస్త కిందికి వంచడానికి ఇచ్చింది అదే.

ఆయన స్క్రూలు విప్పారు. ముక్క పెట్టి మళ్ళీ బిగించి, తిప్పి, కట్టారు. ఈసారి ధార సన్నబడి, బొట్లు బొట్లుగా కారి, తనంతట తానే ఆగింది.

"ఇదా వాటమంటే," అన్నారు.

డబ్బాలోంచి ముక్కతో పాటే ఒక కాగితం పడింది, అది చదువుతున్నాను. చలికాలానికి ముందు, కుళాయికి తగిలించిన హోస్ పైపు తప్పకుండా తీసెయ్యాలట. తగిలించి ఉంచితే నీళ్ళు బయటికి పోయే దారి లేక లోపలే నిలిచి, ఎంత మంచి కుళాయైనా పగులుతుందట.

అంతకుముందు అక్టోబరులో గోంగూర ఇంకో కోత వస్తుందన్న ఆశతో హోస్ తియ్యకుండా ఉంచింది నేను. తర్వాత అది మంచు కింద పడి ఉంటే చూసి కూడా బద్ధకించింది నేను. ఆయన హాలోవీన్‌కి ముందే వాల్వ్ కట్టారు. నిజమే చెప్పారు.

కాగితం మడిచి స్వెటర్ జేబులో పెట్టుకున్నాను.

ఆ వేసవి గోంగూర నా నడుము దాటింది. అక్టోబరు మొదటి వారంలోనే హోస్ విప్పి గరాజ్‌లో చుట్టిపెట్టాను. చలికాలమంతా ఆయన పొద్దున్నే ఆఫీస్‌కి వెళ్ళి సాయంత్రం ఉద్యోగంతోనే తిరిగొచ్చారు. రోజూ కారు శబ్దం వినగానే ముందు ఆయన చేతుల వైపు చూసేదాన్ని, అట్టపెట్టె ఉందేమోనని. ఉండేది కాదు. జేబులో కాగితం మాత్రం అలాగే ఉంది.

మళ్ళీ ఏప్రిల్. ఆయన టార్చి పట్టుకుని బేస్‌మెంట్‌లో నిలబడ్డారు. నేను బయట కుళాయి పూర్తిగా తిప్పాను. నీళ్ళు దూకాయి.

"ఎలా ఉంది?" అని బేస్‌మెంట్ కిటికీ దగ్గరికి వంగి అరిచాను.

"మొత్తం పొడిగున్నది!"

"పాత కుళాయి పగిలింది మీ వల్ల కాదండీ. హోస్ నేను తియ్యలేదు."

"ఏంది? నీళ్ళ సప్పుడుకు వినపడతలేదు!"

అక్కడితో వదిలెయ్యొచ్చు. ఒకసారి చెప్పాను కదా. కానీ కుళాయి కట్టేశాను. గొట్టంలో మిగిలినవి నేలమీదికి కారి ఆగాయి. చప్పుడు లేదు. మళ్ళీ మొదటి నుంచీ చెప్పాను.

కిటికీలో ఆయన మొహం కనిపించింది. "ఒప్పుకున్నవ్ కద. అయితే ఇయ్యాల్టి సంది నల్లా అను."

"కుళాయి," అని, మడిలో చల్లిన మెంతుల కోసం మళ్ళీ తిప్పాను.