ఉల్బొసిన్ ఇంటి తలుపు

ఉల్బొసిన్ అంటే వాళ్ల భాషలో "మగబిడ్డ పుట్టాలి" అని. ఏడో కాన్పూ ఆడపిల్లే అయ్యేసరికి తండ్రి విసిగిపోయి పెట్టిన పేరది. అలాంటి పేరు మోస్తున్నందుకేమో, ఆమె మాత్రం ఎవరిమీదా విసుక్కునేది కాదు. ఎవరు పిలిచినా లేచి వెళ్లేది.

పెర్దెబాయ్‌ని చేసుకుని అక్‌తాం ఊరికి కాపురానికి వచ్చింది. ఊరి వెనక ఎడారి మొదలయ్యే చోట పాత మట్టికోట ఉంది. గోడలు ఎప్పుడో కరిగి దిబ్బలైపోయాయి. పెర్దెబాయ్ తాత, మిగిలిన కోట ఇటుకలు దూరం మోసుకెళ్లే పని తప్పుతుందని, కోట ద్వారం ఉన్న చోటనే ఇల్లు కట్టేశాడు.

కొత్త కోడలు రొట్టెలకు పిండి పిసుకుతుండగా, ఒక వసంతం పొద్దున తలుపు దబదబా మోగింది. చేతులు తుడుచుకుని వెళ్లి తీస్తే, ఎండిపోయిన సముద్రం మీంచి వచ్చే ఉప్పుగాలి తప్ప బయట పురుగు కూడా లేదు. వచ్చి కూర్చుందో లేదో మళ్లీ మోగింది.

"ఊరికే తీసి వచ్చేస్తే ఎట్లా అమ్మాయ్? రండి, లోపలికి రండి అనాలి" అంది అత్త సనెం, ఉన్ని వడుకుతూ తల ఎత్తకుండానే.

"ఎవర్నని పిలవను అత్తా? అక్కడెవరూ లేరు."

"ఉన్నార్లే. చేలల్లో చిక్కుకుపోయినవాళ్లు."

ఏ కాలం నాటి మాటో ఎవరికీ తెలియదు. శత్రువుల గుర్రాలు మీద పడ్డాయి. గోధుమచేలల్లో ఉన్న జనం పిల్లల్ని చంకనేసుకుని కోటకేసి పరుగెత్తుకొచ్చేసరికి కావలివాళ్లు తలుపులు మూసేశారు. ఆ పొద్దు చచ్చినవాళ్లంతా మట్టిలో కలిసిపోయారు గానీ, ఆ పొద్దు మాత్రం పోలేదు. ఏటా వసంతంలో ఉప్పుగాలి లేచే రోజుల్లో తిరిగి వచ్చేది. చుట్టుపక్కల ఊళ్లలోనూ అలాంటివి ఉన్నాయి. ఒక ఊళ్లో ఎండిన కాలవలో నీళ్లు పారిన చప్పుడు, ఇంకో ఊళ్లో ఎవరిదో పెళ్లివంట వాసన. వాటితో ఎవరికీ ఇబ్బంది లేదు. అక్‌తాంలోనే లేచి తలుపు తీయాల్సి వచ్చేది.

"ఆ తలుపులు మూసింది మనం కాదుగా అత్తా?"

"కాదు. ఇప్పుడున్న తలుపు మనదే కదా మరి."

ఆ తరువాత సనెం పోయింది. తీసే పని ఉల్బొసిన్‌కి మిగిలింది. పురిటి మంచం మీంచి లేచింది, జ్వరంలో గోడ పట్టుకుని లేచింది. పెర్దెబాయ్ మాత్రం దుప్పటి ముసుగేసుకుని, "నా టీ తాగడానికి కాదులే వాళ్లొచ్చింది, నేను లేవనవసరం లేదు" అనేవాడు. అతను పోయిన రోజు కూడా ఉప్పుగాలే. పరామర్శకు వచ్చినవాళ్లెవరో, ఆ పాతవాళ్లెవరో తెలియక ప్రతి చప్పుడుకీ లేచింది. సాయంత్రానికి ఏడవడానికి కూడా ఓపిక లేకపోయింది.

మోకాళ్లు అరిగిపోయాక పొరుగింటి తాజాగుల్ ఊరుకోలేదు. "నీకేమన్నా పిచ్చా వదినా? చచ్చి ఎన్ని తరాలైందో వాళ్లు! నువ్వు బతికున్నావు, ఆ మాట గుర్తుందా?" అని చెడామడా తిట్టి, ఒక వసంతం ఆమెను పట్నంలో చెల్లెలింటికి బస్సెక్కించింది.

చెల్లెలింట్లో మెత్తటి పరుపు, వేడి అన్నం, మాంసం. కానీ ఎవరు గంట కొట్టినా ఉల్బొసిన్ కాళ్లు వాటంతటవే లేచేవి.

"కూర్చో అక్కా, మా పక్కింటావిడే. ఉప్పుకో పప్పుకో వచ్చుంటుంది."

"పాపం, నిలబెట్టకు. ముందు తీయవే."

రెండో రోజే తిరిగి వచ్చేసింది. ఆమె ఇంటి తలుపు బందులు ఊడి లోపలికి ఒరిగిపోయి ఉంది.

"గాలికిలే అక్కా" అన్నాడు వడ్రంగి ఒరాజ్, ఆమె కళ్లలోకి చూడకుండా. "కొత్త బందులేసి గట్టిగా బిగిస్తా."

ఉల్బొసిన్ గుమ్మం పక్కన చతికిలబడింది.

"బిగించకు నాయనా. తీసెయ్."

"తీసేస్తే? చలికాలం ఏం చేస్తావు?"

"కంబళి వేలాడదీస్తా. ఇక నావల్ల కాదు. లేవలేను."

వాళ్లనింకా బయట నిలబెట్టలేనని కూడా అనాలనుకుంది గానీ, అంత మాట్లాడే శక్తి లేక ఊరుకుంది. ఒరాజ్ గొణుక్కుంటూనే తలుపు ఊడదీసి గోడకు చేరేశాడు.

మరుసటి వసంతం తొలి ఉప్పుగాలి లేచిన పొద్దున ఉల్బొసిన్ గోడకానుకుని కూర్చుంది. చప్పుడు లేదు. హమ్మయ్య అనుకుంది. అంతలో గుమ్మానికున్న కంబళి కదిలింది. ఇల్లంతా తొక్కిన పచ్చి గోధుమ వాసన, చెమట వాసన. రొప్పుతున్న ఊపిరి నాలుగు మూలలా నిండిపోయింది. ఆమె కాళ్లు ముడుచుకుని చోటిచ్చింది. ఎవరో చిన్నవాళ్లు, మూడు నాలుగేళ్లు ఉంటాయేమో, వచ్చి ఆమె నొప్పి మోకాలికి ఆనుకుని కూర్చున్నారు. కంటికి కనబడలేదు. వెచ్చగా మాత్రం తగిలింది.

"రండి" అంది అలవాటు చొప్పున. "నేను లేవలేను, ఏమీ అనుకోకండి."

మధ్యాహ్నం తాజాగుల్ టీ పట్టుకుని వచ్చి, "వదినా, నేను, తాజాగుల్‌ని" అని బయటి నుంచే కేక వేసింది. జవాబు రాలేదు. భయపడి కంబళి ఎత్తి చూసింది. ఉల్బొసిన్ ఒక కాలు చాపి, ఆ కాలు కదలకుండా గోడకు ఒరిగి నిద్రపోతోంది. పట్టపగలు ఆమె నిద్రపోవడం ఆ ఊళ్లో ఎవరూ చూసి ఎరగరు. తాజాగుల్ లోపల అడుగు పెట్టబోయి, ఎందుకో చోటు లేదనిపించి, అక్కడే గుమ్మంలో కూర్చుని ఆ టీ తనే తాగింది.